తడిసిన ధాన్యం, తాళం వేసిన ఆట

ఈద్ నాడు పెద్దలు చేతిలో పెట్టిన ఈదీ డబ్బుల్ని పిల్లలు ఒకప్పుడు మిఠాయిలకో, రంగులరాట్నానికో ఖర్చు చేసేవారు. ఇప్పుడు కాస్త ఎదిగిన పిల్లవాడి చూపు కంప్యూటర్ ఆట మీద ఉంటుంది. కానీ పెద్ద సంస్థలు తెచ్చే కొత్త ఆట వెల మూడు నాలుగు వేల రూపాయలు. ఈదీ డబ్బు సరిపోదు. అదే ఆట స్నేహితుడి పెన్‌డ్రైవ్‌లో ఉచితంగా దొరుకుతుంది. తండ్రి వద్దంటే కొడుకు దగ్గర ఒక జవాబు సిద్ధంగా ఉంటుంది: "అబ్బా, డబ్బు పెట్టి కొన్న ఆట కంటే ఈ కాపీయే బాగా నడుస్తుందట!"

ఏ తండ్రైనా దీన్ని వట్టి సాకు అనుకుంటాడు. అయితే అందులో కొంత నిజం ఉంది. ఆ నిజం ఎంత, దాని వల్ల దొంగ కాపీ హలాల్ అవుతుందా అన్న ప్రశ్నకు జవాబు చెప్పకుండా పిల్లవాణ్ని గదమాయించి కూర్చోబెట్టడం సరికాదని మా అభిప్రాయం. అసలు ఆటలే వద్దు, అవి కాలహరణం అనే పెద్దలతో మాకు వాదం లేదు. కానీ ఆట ఇప్పటికే ఇంట్లోకి వచ్చేసింది. వచ్చిన దారి గురించి మాట్లాడక తప్పదు.

ముందుగా ఆ నిజం సంగతి చూద్దాం.

2021 మేలో జపాన్‌కు చెందిన క్యాప్‌కామ్ సంస్థ 'రెసిడెంట్ ఈవిల్ విలేజ్' అనే ఆటను విడుదల చేసింది. (ఇది భయానకమైన ఆట, పిల్లలకు ఏమాత్రం తగదు. ఉదాహరణ కోసమే చెబుతున్నాం.) డబ్బు పెట్టి కొన్నవారి కంప్యూటర్లలో ఎదుటి పాత్రను కాల్చినప్పుడల్లా తెర మీది బొమ్మ ఒక్క క్షణం తడబడి ఆగేది. తమ యంత్రంలోనే ఏదో లోపం ఉందనుకున్నవారు ఎందరో. జూలైలో ఆ ఆట తాళం బద్దలుకొట్టిన దొంగ కాపీ బయటికి వచ్చింది. అందులో ఆ తడబాటు లేదు! ఆటల సాంకేతిక నాణ్యతను కొలిచే డిజిటల్ ఫౌండ్రీ వారు రెంటినీ పక్కపక్కన పెట్టి పరీక్షించి, తేడా నిజమేనని తేల్చారు. అదే నెలలో క్యాప్‌కామ్ ఒక సవరణను విడుదల చేస్తూ, పైరసీని అడ్డుకునే ఏర్పాటును మెరుగుపరిచామని తెలిపింది. తడబాటు తగ్గిపోయింది. అంటే సొమ్ము చెల్లించినవారు రెండు నెలల పాటు నాసిరకం సరుకు వాడారు. చెల్లించనివారికి మేలురకం అందింది.

ఇది ఎలా జరుగుతుంది? కంప్యూటర్ ఆట సినిమా లాగే ఒకదాని వెంట ఒకటిగా బొమ్మలు చూపిస్తుంది. మంచి యంత్రంలో సెకనుకు 60 బొమ్మలు వస్తాయి. అంటే ఒక్కో బొమ్మను తయారు చేయడానికి ప్రాసెసర్‌కు దక్కేది సెకనులో 60వ వంతు. ఆ కాస్త వ్యవధిలోనే శత్రువు కదలిక, శబ్దం, వెలుగునీడలు అన్నీ లెక్క కట్టాలి. ఇప్పుడు పైరసీ నిరోధక ప్రోగ్రాం కూడా మధ్యలో దూరి 'నువ్వు అసలు కొనుగోలుదారుడివేనా?' అని తనిఖీ చేస్తుంది. ఆట కోడ్‌లోని కొన్ని భాగాలను చిక్కుముడిలా మార్చి, అవసరమైనప్పుడల్లా విప్పుకుంటుంది. ఆ పని ఎప్పుడో ఒకసారి జరిగితే ఎవరూ గమనించరు. ప్రతి తుపాకీ దెబ్బకూ జరిగితే బొమ్మ ఆలస్యమవుతుంది, చెయ్యి తడబడుతుంది. ఖరీదైన యంత్రం ఆ బరువును మోసేస్తుంది. మన మధ్యతరగతి ఇళ్ళలో ఉండే పాత ల్యాప్‌టాప్ మోయలేదు.

ఇలాంటి తాళాలలో నేడు పేరున్నది ఆస్ట్రియాలోని సాల్జ్‌బర్గ్ నగరంలో పుట్టిన డెనువో. 2014 నుంచి ఆటలకు వాడుతున్నారు. 2018లో ఇర్డెటో అనే సంస్థ దాన్ని కొన్నది. తమ తాళం వల్ల ఆట నెమ్మదించదని ఆ సంస్థ వాదిస్తూ వచ్చింది. అయితే 'టెక్కెన్ 7' ఆటలో ఒక పాత్ర దెబ్బ వేసినప్పుడు వేగం పడిపోవడానికి డెనువోయే కారణమని 2018లో ఆ ఆట నిర్మాత కత్సుహిరో హరాడా బహిరంగంగానే చెప్పారు. న్యాయంగా ఇంకో మాట కూడా చెప్పాలి. పరీక్షించినవారు కొన్ని ఆటల్లో చెప్పుకోదగ్గ తేడా ఏదీ లేదని, కొన్నింటిలో ఆట తెరుచుకోవడానికి మాత్రం ఎక్కువ సమయం పడుతోందని చెప్పారు. తాళం కంటే దాన్ని బిగించిన తీరులోనే తప్పు ఎక్కువ. కాబట్టి 'కాపీయే ఎప్పుడూ బాగా నడుస్తుంది' అన్నమాట సగం నిజమే.

అన్నదమ్ముల కథలు రెండు

దొంగను ఆపే ప్రయత్నం దొంగ కాని వాణ్ని ఇబ్బంది పెట్టడం ఈనాటిది కాదు. 1990లలో మన ఊళ్ళ కంప్యూటర్ శిక్షణ కేంద్రాల్లో ఫ్లాపీల మీద 'ప్రిన్స్ ఆఫ్ పర్షియా' ఆడినవారికి గుర్తుండే ఉంటుంది, ఆటలో ఒకచోట వరుసగా సీసాలు, వాటి మీద అక్షరాలు కనిపిస్తాయి. ఆటతో ఇచ్చే పుస్తకంలో ఫలానా పుటలో ఫలానా పంక్తిలో ఉన్న మాట మొదటి అక్షరం చూసి ఆ సీసానే తాగాలి. తప్పు సీసాలు తాగితే రాకుమారుడు చనిపోతాడు. పుస్తకం లేనివాడు దొంగ అని లెక్క. అసలు ఫ్లాపీ కొని పుస్తకం పారేసుకున్న అమాయకుడికీ అదే శిక్ష. మనలో చాలామంది పుస్తకం ముఖం ఎన్నడూ చూడలేదు. ఫ్లాపీ ఎక్కడిదో అడిగిన పాపానా పోలేదు.

అంతకుముందే, 1986లో, లాహోర్‌లో బాసిత్, అంజద్ ఫారూఖ్ అల్వీ అనే అన్నదమ్ములు ఒక ప్రోగ్రాం రాశారు. వారు వైద్యరంగానికి సంబంధించిన సాఫ్ట్‌వేర్ తయారు చేసి అమ్మేవారు. దాన్ని ఎవరు కాపీ చేస్తున్నారో తెలుసుకోవడానికే దీన్ని రాశామని ఆ తర్వాత వారు చెప్పారు. అది ఫ్లాపీ మొదటి భాగంలో చోటు చేసుకుని, మరో ఫ్లాపీ పెడితే దానికీ అంటుకునేది. లోపల తమ పేర్లు, లాహోర్ చిరునామా, ఫోన్ నంబర్లు పెట్టి, విరుగుడు కావాలంటే మమ్మల్ని సంప్రదించండి అని రాశారు. దాచిపెట్టి చేసిన పని కాదన్నమాట. కానీ అది వారి చేతుల్లో ఆగలేదు. సముద్రాలు దాటి అమెరికా విశ్వవిద్యాలయాల దాకా పోయింది. వారి సాఫ్ట్‌వేర్ పేరు కూడా వినని విద్యార్థుల ఫ్లాపీలు నెమ్మదించాయి. ఐబీఎం రకం పర్సనల్ కంప్యూటర్లకు సోకిన తొలి వైరస్‌గా చరిత్రకెక్కిన 'బ్రెయిన్' ఇదే. తమ సొత్తు కాపాడుకోవాలన్న కోరిక న్యాయమైనదే. ఆ కాపలా ఎవరి ఇంట్లో పెట్టారన్నదే ప్రశ్న.

రెండో కథలోనూ ఇద్దరు అన్నదమ్ములే. పాట్రిక్, డేనియల్ క్లుగ్ 2013 ఏప్రిల్‌లో 'గేమ్ డెవ్ టైకూన్' అనే చిన్న ఆటను 8 డాలర్లకు అమ్మకానికి పెట్టారు. అందులో ఆడేవాడు ఒక ఆటల కంపెనీ పెట్టి నడపాలి. వారు ఒక చమత్కారం చేశారు. దొంగ కాపీ ఎలాగూ వస్తుందని తెలుసు గనుక, తామే ఒక కాపీని ఉచితంగా వదిలారు. చూడటానికి అచ్చం అసలు ఆటే. కానీ కొంతసేపు ఆడాక, ఆటలోని కంపెనీ తయారు చేసే సరుకును జనం దొంగతనంగా కాపీ చేయడం మొదలవుతుంది. ఆదాయం పడిపోతుంది. చివరికి కంపెనీ దివాలా తీస్తుంది. మొదటి రోజు లెక్క తీస్తే ఆట ఆడినవారు 3,318 మంది. డబ్బు పెట్టి కొన్నవారు వారిలో 214 మందే. మిగతా 3,104 మంది దొంగ కాపీవారు. నూటికి 93 మందికి పైగా! వారిలో కొందరు, ఈ పైరసీ వల్ల నా కంపెనీ మునిగిపోతోంది, దీన్ని ఆపే ఉపాయం ఆటలో లేదా అని ఫిర్యాదు కూడా చేశారట.

నవ్వు వస్తుంది. కానీ ఆ ఆటకు ఏ తాళమూ లేకుండా అమ్మారని, వెల కూడా ఎక్కువ కాదని గుర్తు చేసుకుంటే నవ్వు ఆగిపోతుంది. తాళం బాధ వల్లే దొంగ కాపీ వాడుతున్నామనే వాదన ఆ 3,104 మందికి వర్తించదు.

ధర్మశాస్త్రం ఏమంటోంది?

చేతికి తగలని వస్తువుకు యాజమాన్యం ఉంటుందా అన్న విషయంలో మన ఉలమా మొదట్లో ఏకాభిప్రాయంతో లేరు. పుస్తకం కొన్నవాడు ఆ కాగితానికి యజమాని, దాన్ని చూసి మరొకటి రాసుకుంటే అడ్డుచెప్పే హక్కు ఎవరికుంది అని దేవ్‌బంద్ సంప్రదాయంలోని పాతతరం పండితులు కొందరు వాదించారు. ముఫ్తీ ముహమ్మద్ షఫీ కూడా ఆ పక్షానివారే. ఆయన కుమారుడు ముఫ్తీ తఖీ ఉస్మానీ మాత్రం, వ్యాపారంలో వెల పలికే ఇలాంటి హక్కుల్ని గౌరవించాలని రాశారు. తండ్రి పట్ల ఎంతో గౌరవం ఉన్న పండితుడే కాలం తెచ్చిన కొత్త వ్యవహారాన్ని చూసి వేరే నిర్ణయానికి వచ్చారు. 1988 డిసెంబరులో కువైట్‌లో సమావేశమైన అంతర్జాతీయ ఇస్లామీయ ఫిఖ్‌హ్ అకాడమీ రచనల మీద, నూతన ఆవిష్కరణల మీద వాటి కర్తలకు ఉండే హక్కులు షరీయత్ గుర్తించిన హక్కులేనని, వాటిని అతిక్రమించరాదని తీర్మానించింది. మన దేశ చట్టం చూసినా, 1957 నాటి కాపీరైట్ చట్టానికి 1984లో చేసిన సవరణతో కంప్యూటర్ ప్రోగ్రాంలు రక్షణ పొందిన రచనల్లో చేరాయి. దొంగ కాపీ అని తెలిసి కంప్యూటర్లో వాడటం కూడా నేరమే. దానికి 7 రోజుల నుంచి మూడేళ్ళ దాకా జైలుశిక్ష విధించవచ్చు. 'కాపీ చేసినవాడిది తప్పు, ఆడుకునే నాది కాదు' అనేవారు ఈ సంగతి గమనించాలి.

'అది కోట్లకు పడగలెత్తిన విదేశీ కంపెనీ, నా కాపీ వల్ల వారికి ఏం పోతుంది?' అన్నది మరో వాదన. ఒక జాతి పట్ల ఉన్న ద్వేషం కూడా మిమ్మల్ని న్యాయం తప్పేలా చేయకూడదని దివ్య ఖుర్‌ఆన్ అయిదో సూరాలో హెచ్చరిస్తోంది. శత్రువు విషయంలోనే ఈ నియమం ఉన్నప్పుడు, కేవలం ధనవంతుడైనందుకు ఒకడి సొత్తు మనకు ధర్మసమ్మతం ఎలా అవుతుంది?

అయితే కథ ఇక్కడితో ముగియదు. అమ్మేవాడి తూకం సంగతి కూడా ధర్మశాస్త్రంలో ఉంది. తాము తీసుకునేటప్పుడు నిండుగా కొలిపించుకుని, ఇచ్చేటప్పుడు తగ్గించి ఇచ్చేవారికి ముతఫ్ఫిఫీన్ సూరా మొదటి వాక్యాల్లోనే వినాశం ప్రకటించబడింది. మదీనా బజారులో ఒక ధాన్యపు రాశిలోకి దైవప్రవక్త (స) చెయ్యి పోనిస్తే లోపల తడి తగిలింది. వాన పడి తడిసిందని అమ్మకందారు విన్నవించుకున్నాడు. జనం చూసేలా ఆ తడి ధాన్యాన్ని పైన ఎందుకు పెట్టలేదని ప్రవక్త (స) అడిగారు, మోసం చేసేవాడు తన వాడు కాదన్నారు. ఈ హదీసు మన పిల్లలకు కంఠస్థమే. ధాన్యం తడవడాన్ని ఆయన తప్పుపట్టలేదని గమనించండి. తడిని కింద దాచడమే తప్పు.

ఆటలో బిగించిన తాళం కూడా అంతే. అమ్మేవాడు తాళం వేసుకోవచ్చు, అది అతని హక్కు. కానీ దాని వల్ల ఆట తడబడుతుందని తెలిసీ చెప్పకపోతే, మూడుసార్ల కంటే ఎక్కువ ఎక్కించుకోవడానికి వీల్లేదన్న షరతును మూలన చిన్న అక్షరాల్లో పెడితే, ఇంటర్నెట్ తెగిపోతే ఆట ఆగిపోతుందని దాచిపెడితే అది తడి ధాన్యమే. 2008లో 'స్పోర్' అనే ఆటకు సరిగ్గా ఆ మూడుసార్ల షరతే పెట్టారు. కొన్నవారు మండిపడ్డారు, సంస్థ ఆ సంఖ్యను అయిదుకు పెంచింది. ఇంత తాళమూ వేసిన ఆ ఆట ఆ ఏడాది అత్యధికంగా దొంగ కాపీలు పంచుకున్న ఆటల్లో ముందు నిలిచింది. 2013 మార్చిలో వచ్చిన 'సిమ్‌సిటీ' ఒంటరిగా ఆడుకునేవారు కూడా నిత్యం సంస్థ సర్వర్‌తో కలిసి ఉండాల్సిన ఆట. విడుదల రోజునే సర్వర్లు కూలాయి, డబ్బు కట్టినవారు తెర ముందు క్యూలో నిలబడ్డారు. సర్వర్ అవసరం లేకుండా ఆడే ఏర్పాటు రావడానికి ఏడాది పట్టింది.

మరి మోసపోయిన కొనుగోలుదారుకు షరీయత్ ఇచ్చిన హక్కు ఏమిటి? ఇక్కడే మన యువకులు గ్రహించాల్సిన మెలిక ఉంది. ఫిఖ్‌హ్ గ్రంథాల్లో దీనికి 'ఖియార్ అల్ ఐబ్' అని పేరు. సరుకులో దాచిన లోపం బయటపడితే దాన్ని తిరిగి ఇచ్చేసి సొమ్ము వెనక్కు తీసుకునే హక్కు అది. బేరాల్లో తరచూ మోసపోయే ఒక సహాబీకి, మోసం ఉండకూడదని ముందే చెప్పి కొనమనీ, మూడు రోజుల వ్యవధి పెట్టుకోమనీ ప్రవక్త (స) నేర్పారు. సరుకు వాపసు, సొమ్ము వాపసు, హక్కు అంతవరకే. కొట్టువాడు తడి ధాన్యం అంటగట్టాడు కదా అని రాత్రివేళ అతని గాదె తాళం పగలగొట్టి బస్తా మోసుకుపోయే హక్కు ఎవరికీ లేదు.

ఆటల వ్యాపారం ఏళ్ళ తరబడి ఈ హక్కునే తొక్కిపెట్టింది. పెట్టె విప్పితే వాపసు లేదనేవారు. ఈ లోటు వల్లే 'ముందు దొంగ కాపీతో చూస్తాను, నచ్చితే కొంటాను' అన్న అలవాటు బలపడింది. ఇప్పుడు ఆ సాకుకు ఆధారం చాలావరకు పోయింది. స్టీమ్ అనే అమ్మకపు వేదిక 2015 జూన్ నుంచి, కొన్న 14 రోజుల లోపు, ఆడింది 2 గంటలకు మించకపోతే సొమ్ము తిరిగి ఇస్తోంది. అదే ఏడాది నవంబరు నుంచి మన రూపాయల్లోనే వెల చూపిస్తోంది. ఆట వివరాల పక్కన, బయటి సంస్థ తాళం ఏదైనా ఉంటే దాని పేరు కూడా రాస్తుంది. తడి ధాన్యాన్ని పైన పెట్టినట్టే. ఆ చిన్న పంక్తి చదవకుండా కొని తర్వాత తిట్టుకోవడం మన అలక్ష్యం.

తాళం లేకుండా అమ్మి బాగుపడ్డవారూ ఉన్నారు. దొంగ సీడీలు వీధి బజారులో కుప్పలుగా అమ్ముడయ్యే పోలండ్‌లో 1994లో పుట్టిన సంస్థ సీడీ ప్రాజెక్ట్. 1999లో వారు 'బాల్డర్స్ గేట్' ఆటను పూర్తిగా పోలిష్ భాషలోకి మార్చి, పెట్టెలో పటం, పుస్తకం వంటివి చేర్చి అమ్మారు. దొంగ సీడీ ఇవ్వలేనిది తామిస్తే జనం కొంటారన్నది వారి లెక్క. మొదటి రోజే 18 వేల పెట్టెలు పోయాయి. 2011లో తమ సొంత ఆట 'విచర్ 2'కు పెట్టిన తాళాన్ని, విడుదలైన కొద్ది రోజులకే సవరణ ద్వారా తామే తీసేశారు. తీసేశాక ఆట వేగం పెరిగిందని కూడా చెప్పారు. కానీ వారూ ఒకచోట తప్పటడుగు వేశారు. జర్మనీలో దొంగ కాపీ వాడారన్న అనుమానంతో కొందరికి లాయర్ల ద్వారా ఉత్తరాలు పంపారు. నిర్దోషులు ఇరుక్కుంటారన్న విమర్శ రాగానే 2012 జనవరిలో ఆపేశారు. తాళం లేని ఆటలే అమ్మే, వారు మొదలుపెట్టిన గాగ్ అనే అంగడి 2008 నుంచి నడుస్తోంది.

ఇక ఆ పెన్‌డ్రైవ్ సంగతి. అబ్బాయి చెప్పిన 'బాగా నడుస్తుంది' అన్న మాటకు ఇంకో వైపు ఉంది. 2021లో అవాస్ట్ సంస్థ 'క్రాకనోష్' అనే దొంగ ప్రోగ్రాంను కనుగొన్నది. అది తాళం పగలగొట్టిన ఆటల్లో దాగి ఇళ్ళకు చేరేది. కంప్యూటర్లోని యాంటీవైరస్‌ను నిలిపివేసి, యజమానికి తెలియకుండా ఆ యంత్రంతో డిజిటల్ నాణేలు తవ్వించేది. 2,22,000కు పైగా కంప్యూటర్లకు సోకింది. దాన్ని వదిలినవారు 20 లక్షల డాలర్లకు పైగా గడించారు. బాధిత దేశాల్లో మనదీ ఉంది. యంత్రం నెమ్మదిస్తుంది, కరెంటు బిల్లు పెరుగుతుంది, సంపాదన మరొకడిది. ఆ కంప్యూటర్లోనే తండ్రి బ్యాంకు లావాదేవీలు కూడా చూసుకుంటుంటే?

కాస్త ఓపిక పట్టే ఇంటికి మరో దారి ఉంది. చాలా సంస్థలు విడుదలైన కొన్ని నెలలకో, ఏడాదికో డెనువో తాళాన్ని తామే తీసేస్తాయి. తొలి వారాల అమ్మకాలు కాపాడుకోవడమే వారి లక్ష్యం కాబట్టి. ఆపాటికి వెల కూడా సగానికో పావుకో దిగుతుంది. ఈద్‌కు కోరిన ఆట వచ్చే ఈద్‌కు ఈదీ డబ్బుతోనే, తాళం లేకుండా, పాత ల్యాప్‌టాప్‌లో కూడా సాఫీగా నడిచే స్థితిలో దొరకవచ్చు. పిల్లవాడికి ఏడాది అంటే యుగమే, కాదనం. అందుకే తండ్రి ఊరికే వద్దనకుండా, తేదీ వేసుకుని కొడుకుతో కలిసి ఎదురుచూడాలి.

ఒక చిక్కు ప్రశ్న మిగిలింది. దీన్ని మా దగ్గరికి తెచ్చేది పిల్లలు కాదు, నలభై దాటిన తండ్రులు. 2000 తర్వాతి సంవత్సరాల్లో న్యాయంగా కొన్న ఆట సీడీలు చాలామంది బీరువాల్లో ఉన్నాయి. వాటిలో కొన్నింటికి సేఫ్‌డిస్క్ అనే తాళం ఉండేది. 2015లో వచ్చిన విండోస్ 10 ఆ తాళాన్ని భద్రతాకారణాల వల్ల గుర్తించడం మానేసింది. సీడీ బాగానే ఉంది, బిల్లు ఉంది, ఆట మాత్రం తెరుచుకోదు. వాపసు గడువు ఎప్పుడో పోయింది. అలాంటప్పుడు నా సొంత సీడీకి తాళం తీసే ప్రోగ్రాం వాడుకోవచ్చా? అని వారి ప్రశ్న.

మన చట్టంలో 2012లో చేర్చిన 65ఎ సెక్షన్, హక్కులు కాజేసే ఉద్దేశంతో తాళం పగలగొట్టేవాణ్నే శిక్షిస్తుంది. న్యాయంగా సంపాదించిన ప్రోగ్రాంకు భద్రత కోసం మరో ప్రతి ఉంచుకోవడానికీ చట్టంలో వీలుంది. వెల చెల్లించి కొన్నవాడు తన ఇంటి తలుపు తెరుచుకోవడానికి, పరాయివాడి గాదె పగలగొట్టడానికి తేడా ఉందని మాకు తోస్తోంది. ఇది ఫత్వా కాదు, మా అభిప్రాయం మాత్రమే. బిల్లు, సీడీ పట్టుకుని మీ ఊరి ముఫ్తీ సాహెబ్‌ను అడగండి. సేఫ్‌డిస్క్ అంటే ఏమిటో ముందు ఆయనకు వివరించాల్సి రావచ్చు, కొంచెం తీరిక చూసుకుని వెళ్ళండి. అంతకుముందు ఒక పని చేయండి. ఆ పాత ఆటల్లో చాలావాటిని తాళం తీసి, కొత్త యంత్రాలకు సరిపడేలా మార్చి ఇప్పుడు మళ్ళీ అమ్ముతున్నారు. కొన్నింటి వెల ఒక ప్లేటు బిర్యానీ కంటే తక్కువ.